ఇరాను సాంఘిక చిత్రములు – ఎంతెజామీ నటన

సాంఘిక ప్రయోజనము గల చలనచిత్ర మనగా ఉపన్యాసము గల చిత్రమని మనలో పలువురి తలంపు. అన్యాయమును ఖండించు సంభాషణ లెంత దీర్ఘములైన, చిత్రమంత గొప్పదని యెంచుచుందురు. ఈ యభిప్రాయము సరికాదనుటకు ఇరాను నటుడు ఎజ్జతొల్లా ఎంతెజామీ (1924–2018) కృషి చాలిన నిదర్శనము.

టెహరానులో జన్మించి, రంగస్థలమున ఆరితేరిన ఈయన జర్మనీలోని హానోవరు నగరమున నాటకకళ నభ్యసించెను. ఆయనకు ప్రపంచఖ్యాతి తెచ్చినది దారియూష్ మెహర్జుయీ దర్శకత్వమున 1969లో నిర్మితమైన ‘గావ్’, అనగా ‘ఆవు’. గులాం హుసేన్ సాయెదీ రచన దీనికి మూలము. ఊరికంతకు ఒక్కటే ఆవు. దాని యజమాని హసన్. అతడు ఊరలేని వేళ ఆవు మరణించును. ఊరివారు దానిని పూడ్చివేసి, పారిపోయినదని చెప్పుదురు. హసన్ నమ్మడు. క్రమముగా కొట్టములో చేరి, గడ్డి మేయుచు, తానే ఆవునని భావించుకొనును.

ఇట్టి పాత్ర ఏమాత్రము తప్పినను నవ్వులపాలగును. ఎంతెజామీ దానిని నిలిపిన విధము పరిశీలింపదగినది. ఆరంభమున ఆవును నీట కడుగునపుడు అతని చేతులలో బిడ్డను లాలించు తండ్రి కానవచ్చును. ఆ ప్రేమను ముందే చూచియుండుటచే, పిదప కలిగిన మతిభ్రమణము మనకు వింతగా తోపదు. జాలిపడిన ఊరివారే తుదకు అతనిని త్రాళ్లతో కట్టి పట్టణమునకు ఈడ్చుకొని పోవుదురు. పశువును వలె కొట్టిన చేయి స్నేహితునిదే. పేదరిక మెంతటి పని చేయించునో ఒక్క ఉపన్యాసమైన లేకయే తెలియుచున్నది. ఈ పాత్రకు 1971లో షికాగో చిత్రోత్సవమున ఆయనకు ఉత్తమనట బహుమతి లభించెను.

1970వ దశకమున, అదే దర్శకుని ‘దాయిరె-యె-మీనా’లో, ఈ నటుడే పేదల రక్తమును కొని ఆసుపత్రుల కమ్ము సామెరీ యయ్యెను. వైద్యవర్గముల అభ్యంతరముచే ఆ చిత్రము కొన్నియేండ్లు ప్రదర్శనకు నోచుకొనలేదు. ఇందు సామెరీ రాక్షసుడు కాడు, వ్యాపారి. దుర్మార్గము నిత్యవ్యవహారమైనపుడు దాని ముఖమిట్లే యుండునని ఆ నటన తెల్పును.

1995లో రఖ్షాన్ బనీ ఎతెమాద్ తీసిన ‘రూసరీ ఆబీ’లో భార్యను కోల్పోయిన కర్మాగార యజమానిగా నటించెను. అతడు కూలి స్త్రీ నోబర్‌ను ప్రేమింపగా, కన్నబిడ్డలే పరువు పేర అడ్డుపడుదురు. వార్ధక్యపు ఒంటరితనమును ఆయన హుందాగా చూపెను. అయినను యజమాని మంచితనము ముందునకు వచ్చి, కూలివారి కష్టము కొంత మరుగుపడినదని చెప్పక తప్పదు. ఇది కథలోని లోపమే కాని నటునిది కాదు.

పరభాషల నడుమ బాలురకు తెలుగు నేర్పు నాకు, మాటయే సర్వస్వమను నమ్మకము. పారసీకమెరుగని నేను ‘గావ్’ చూచినపుడు ఆ నమ్మకము కొంత సడలినది. కొట్టములో తల వంచుకొన్న హసన్‌ను తెలిసికొనుటకు నాకు భాష అడ్డు రాలేదు. ఆవు పోయిన రైతుయింటి దుఃఖము మనకు క్రొత్తదా?