స్వరం ఒక పక్షం, ముఖం మరో పక్షం: 'పలాస 1978'లో రఘు కుంచె

తెలుగు సినిమాలో సంగీతదర్శకుడు తెరపైకి రావడం కొత్త కాదు. అయితే అలా వచ్చినవారికి పేరు తెచ్చిన పాత్రలు తరచు సంగీతాన్ని ఆనుకునే ఉన్నాయి. 1981 నాటి 'పక్కింటి అమ్మాయి'లో చక్రవర్తి సంగీతం మేష్టారు. 2004లో వచ్చిన 'శీను వాసంతి లక్ష్మి'లో ఆర్.పి. పట్నాయక్ అంధగాయకుడు. బాణీ కట్టినవాడే పాటగాడై కనిపించినప్పుడు పాత్రకు కావలసిన నమ్మకం సగం ముందే సమకూరుతుంది. నటనను తూచే అవసరం ప్రేక్షకుడికి పెద్దగా కలగదు.

కరుణ కుమార్ దర్శకత్వంలో 2020 మార్చిలో విడుదలైన 'పలాస 1978' ఈ సౌకర్యాన్ని తోసిపుచ్చింది. గాయకుడిగా, బుల్లితెర వ్యాఖ్యాతగా, డబ్బింగ్ కళాకారుడిగా పనిచేసి, 2009లో 'బంపర్ ఆఫర్'తో సంగీతదర్శకుడైన రఘు కుంచె ఈ చిత్రానికి బాణీలు కూర్చాడు. షావుకారు గురుమూర్తిగా నటించాడు కూడా. కథ జీడిపప్పు వ్యాపారానికి పేరుపడ్డ పలాసలో అణగారిన కులానికి చెందిన అన్నదమ్ములది. వారి ఇంట ఆటాపాటా వారసత్వం. ఆ ఇంటి గొంతుకు రూపమిచ్చినవాడే, వారిని వాడుకుని పారవేసే వర్గానికి ముఖమయ్యాడు. చెవి ఒక పక్షాన, కన్ను మరో పక్షాన నిలిచే ఈ ఏర్పాటు యాదృచ్ఛికమే కావచ్చు. కానీ ఫలితం యాదృచ్ఛికంగా లేదు. గురుమూర్తి క్రౌర్యం భయపెట్టేది అతని గొంతు పెరిగినప్పుడు కాదు, మర్యాద తప్పకుండా మాట్లాడినప్పుడు.

ఇక్కడే ఒక చిక్కు ఉంది. ఉత్తరాంధ్ర జానపదం సమష్టి సొత్తు. టైటిల్ కార్డులో 'సంగీతం' అన్న మాట కింద పట్టేది ఒక్క పేరే. శ్రమ పలువురిది, ఖాతా ఒకరిది అనే షావుకారు న్యాయాన్ని విమర్శించే చిత్రం, తన పాటల విషయంలో ఆ న్యాయానికి ఎంత దూరంగా ఉంది? ఇది ఒక వ్యక్తిపై అభియోగం కాదు, జానపదాన్ని స్వీకరించిన ప్రతి చిత్రానికీ వర్తించే ప్రశ్న. షావుకారూ స్వరకర్తా ఒకరే కావడంతో ఈ చిత్రంలో అది దాచలేనిదైంది.

విడుదలైన రెండు వారాలలోపే కరోనా కారణంగా తెలంగాణలో హాళ్ళు మూతపడ్డాయి. దిల్‌సుఖ్‌నగర్ కోచింగ్ సెంటర్ల విద్యార్థులకూ, ఎల్.బి. నగర్ కూడలిలో కోస్తా బస్సుల కోసం నిలబడే జనానికీ ఉత్తరాంధ్ర యాస పరాయిది కాదు. ఆ ప్రేక్షకుల్ని హాలులో కలిసే వ్యవధి చిత్రానికి దక్కలేదు. 'నక్కిలీసు గొలుసు' మాత్రం ఫోన్లలో ఊరూరా తిరిగింది. హాలులో విడదీయరానివైన స్వరమూ ముఖమూ అక్కడ విడిపోయాయి. పెళ్ళి ఊరేగింపులో ఆ పాటకు చిందేసేవారికి గురుమూర్తి కనిపించడు.