మూకీ కార్టూన్లో గీత చేసే పని: ఫెలిక్స్ పిల్లి

మూకీ కార్టూన్లలో శబ్దం లేదు కాబట్టి అవి అసంపూర్ణమైనవని మీరు అనుకుని ఉండవచ్చు. ఈ అభిప్రాయాన్ని ఒక్క దృశ్యంతో పరీక్షించి చూడండి. 1919లో అమెరికాలో విడుదలైన ‘ఫెలైన్ ఫాలీస్’లో ఒక నల్లపిల్లి తన ప్రియురాలి దగ్గర సరసాలాడుతూ ఉంటుంది. ఇక్కడ ఇంట్లో ఎలుకలు వంటగదిని దోచుకుంటూ ఉంటాయి. కథగా ఇది మామూలుదే. కాని సంగీతం సాగుతున్నట్టు చూపడానికి గాలిలో గీసిన స్వరచిహ్నాలను పిల్లులు అందుకుని, బండ్లుగా మార్చుకుని వాటిపై స్వారీ చేస్తాయి. వినిపించని పాట ఇక్కడ కనిపించడమే కాదు, వాహనం కూడా అయింది. టాకీలో పాట వినిపిస్తుంది, కాబట్టి ఆ చిహ్నాలను గీయవలసిన అవసరమే రాదు. అంటే ఈ హాస్యం శబ్దలోపం నుంచే పుట్టింది.

ఈ చిత్రంలో మాస్టర్ టామ్ అనే పేరున్న పిల్లే తర్వాత ఫెలిక్స్ అయింది. ఆలోచన వస్తే దాని తలపై ప్రశ్నార్థకం మొలుస్తుంది. అవసరమైతే ఆ ప్రశ్నార్థకమే పనిముట్టు అవుతుంది. తోకను ఊడదీసి చేతికర్రగా పట్టుకుంటుంది. ‘ఫెలిక్స్ ఇన్ హాలీవుడ్’ (1923)లో యజమాని వెంట వెళ్ళడానికి తానే సంచిగా మారిపోతుంది.

ఇదంతా చాప్లిన్‌కు అనుకరణ అనే విమర్శ ఉంది. అది పూర్తిగా తప్పు కాదు: చిత్రకారుడు ఆటో మెస్మర్ అంతకుముందు చాప్లిన్ పాత్రతో కార్టూన్లు గీశాడు. పైగా 1923 చిత్రంలో ఫెలిక్స్ చాప్లిన్‌ను అనుకరిస్తే, తెరమీది చాప్లినే వచ్చి తన హాస్యాన్ని దొంగిలించావని నిలదీస్తాడు. విమర్శకుడి మాటను చిత్రమే ముందుగా అనేసింది! అయితే చాప్లిన్ ఎంత గొప్ప నటుడైనా కర్ర కోసం తన ఒంటిని ఊడదీయలేడు. అది గీతకు మాత్రమే సాధ్యం.

ఇక్కడ మరొక విషయం గమనించాలి. తెరమీద నిర్మాత పాట్ సల్లివన్ పేరే కనిపించేది. మెస్మర్ పాత్ర ఎంతటిదో దశాబ్దాల తర్వాతే చర్చకు వచ్చింది; సృష్టికర్త ఎవరన్న వివాదం ఇప్పటికీ ఉంది. కాబట్టి మీ సమాధానాల్లో ‘సల్లివన్ శైలి’ అని రాసే ముందు ఆగి ఆలోచించండి.

1928 నవంబరులో వచ్చిన ‘స్టీమ్‌బోట్ విల్లీ’ ధ్వనిని బొమ్మల కదలికతో కలిపి మెప్పించింది. ఫెలిక్స్ చిత్రాలకు శబ్దాన్ని తర్వాత అతికించారు. వాటిని చూసే అవకాశం వస్తే, ఒకసారి శబ్దం ఆపి చూడండి.