కాలయంత్రం: వస్తువులే సాక్ష్యం

హెచ్.జి.వెల్స్ 'ది టైమ్ మెషిన్' (1895)లో యంత్రం పనిచేసే తీరు స్పష్టంగా వివరింపబడదు. దాని శక్తి అది మోసుకొచ్చిన వస్తువులపై ముద్రగా మాత్రమే కనిపిస్తుంది. భవిష్యత్తు నుంచి తిరిగివచ్చిన యంత్రం ప్రయోగశాలలో బయలుదేరిన మూలలో కాక ఎదుటి మూలలో ఆగుతుంది. మోర్లాకులు దానిని తరలించిన దూరమే ఆ అంతరం. వీనా యాత్రికుని జేబులో ఉంచిన రెండు తెల్లని పూల జాతిని వైద్యుడు గుర్తించలేడు. ఇన్ని సాక్ష్యాలున్నా శ్రోతల్లో అధికులకు నమ్మకం కుదరదు.

యాత్రికుడు మళ్లీ వెళ్లి తిరిగిరాడు. పూలు కథకుని వద్ద మిగులుతాయి. మానవజాతి క్షీణించినా కృతజ్ఞత నిలిచిందనడానికి అతడు వాటినే ఆధారం చేసుకుంటాడు. అయితే అవి అప్పటికే ఎండి పెళుసుబారాయి. కాలాన్ని దాటివచ్చిన సాక్ష్యం సైతం కాలానికి లోబడినదే. కథకుని ఓదార్పును నవలిక ముగింపుగా స్వీకరించే పఠనం ఈ వివరాన్ని విస్మరిస్తుంది.