పేరు తిరిగి వచ్చిన కణం: రెబెక్కా స్క్లూట్ రచనలో కణజాల సేకరణ, సమ్మతి – ఒక విమర్శనాత్మక పరిశీలన

వ్యాససంగ్రహం:

క్యాన్సర్ పరిశోధన కోసం మానవ కణజాలాన్ని సేకరించి భద్రపరచడం ఆధునిక వైద్యశాస్త్రానికి పునాదులలో ఒకటి. ఆ నమూనా వెనుక ఉన్న మనిషిని, ఆమె కుటుంబాన్ని సాహిత్యంలోకి తెచ్చిన ప్రసిద్ధ రచన రెబెక్కా స్క్లూట్ 2010లో వెలువరించిన ‘ది ఇమ్మోర్టల్ లైఫ్ ఆఫ్ హెన్రియెట్టా లాక్స్’. ఈ రచనలోని కథననిర్మాణాన్ని, భాషను, సమ్మతి అనే భావన చిత్రణను ఈ వ్యాసం పరిశీలిస్తుంది. జరిగిన అన్యాయాన్ని ప్రధానంగా అనామకతగా చూడడం రచనకు బలాన్నీ పరిమితినీ కూడా ఇచ్చిందని ప్రతిపాదిస్తుంది.

కీలకపదాలు: కణజాల సేకరణ, హీలా కణాలు, సమ్మతి, జీవితచరిత్ర, కథనం, వైద్యనీతి.

1. ఉపోద్ఘాతం:

1951 జనవరి చివరలో హెన్రియెట్టా లాక్స్ అనే ముప్ఫై ఏళ్ల నల్లజాతి స్త్రీ అమెరికాలోని బాల్టిమోర్ నగరంలో ఉన్న జాన్స్ హాప్కిన్స్ ఆసుపత్రికి వెళ్లింది. ఆమె వర్జీనియాలోని పొగాకు పొలాలలో పెరిగింది. ఐదుగురు బిడ్డల తల్లి. వైద్యులు ఆమెకు గర్భాశయ ముఖద్వార క్యాన్సర్ అని నిర్ధారించారు. ఫిబ్రవరిలో రేడియం చికిత్స ప్రారంభించే ముందు శస్త్రవైద్యుడు కణితి నుంచి ఒక ముక్కను, పక్కనున్న ఆరోగ్యకరమైన భాగం నుంచి మరొక ముక్కను తీసి జార్జ్ గై ప్రయోగశాలకు పంపాడు. ఈ విషయం ఆమెకు ఎవరూ చెప్పలేదు. 1951 అక్టోబర్ 4న ఆమె మరణించింది. కణితి నుంచి తీసిన కణాలు మాత్రం ప్రయోగశాలలో దాదాపు ఇరవైనాలుగు గంటలకొకసారి రెట్టింపవుతూ పెరిగాయి. శరీరం వెలుపల నిరంతరంగా జీవించిన తొలి మానవ కణశ్రేణి అదే.

ఈ వృత్తాంతాన్ని మూడు భాగాలుగా, 38 అధ్యాయాలలో చెప్పిన స్క్లూట్ రచన అనేక విశ్వవిద్యాలయాలలో పాఠ్యగ్రంథమైంది. వైద్యనీతి పాఠాలలో దీనిని సాధారణంగా ఒక ఉదాహరణగా ఉపయోగిస్తారు. ఉదాహరణగా మారిన రచనను రచనగా చదవడం తగ్గిపోతుంది. అందుచేత ఇందులో ఏమి జరిగిందన్న దానితో పాటు, అది ఎలా చెప్పబడింది, ఆ చెప్పిన తీరు ఏ ప్రశ్నను ముందుకు తెచ్చింది, దేనిని వెనక్కి నెట్టింది అన్నది పరిశీలించవలసి ఉంది.

2. నమూనా – నామం:

కణజాల సేకరణలో మొదటి పని నమూనాను తీయడం. రెండవ పని దానికి గుర్తు పెట్టడం. గై ప్రయోగశాలలో సహాయకురాలు మేరీ కుబిచెక్ ఆ ముక్కను అతిచిన్న చదరాలుగా కోసి పరీక్షనాళికలలో ఉంచి, వాటిపై రోగి పేరులోని, ఇంటిపేరులోని తొలి రెండేసి అక్షరాలను రాసింది. అలా ‘హీలా’ అనే పేరు ఏర్పడింది. ఆ ప్రయోగశాల అలవాటు ప్రకారం పెట్టిన ఆ నాలుగు అక్షరాలలోనే ఈ కథకు మూలమైన వైరుధ్యం ఉంది. గుర్తు మనిషి పేరు నుంచే పుట్టింది, పుట్టిన తర్వాత ఆ మనిషిని మరుగుపరిచింది. చాలాకాలం పాటు పత్రికలలోను, పాఠ్యపుస్తకాలలోను ఆ కణాల మూలవ్యక్తి హెలెన్ లేన్ అనో, హెలెన్ లార్సన్ అనో ప్రచారమైంది.

స్క్లూట్ రచనకు చోదకశక్తి ఈ మరుగుపాటే. కణాల ప్రయాణాన్ని ఆమె విస్తారంగా వర్ణిస్తుంది. సాల్క్ పోలియో టీకా సామర్థ్యాన్ని పరీక్షించడానికి టస్కీగీ విద్యాసంస్థలో హీలా కణాలను పెద్దయెత్తున పెంచారు. నల్లజాతి శాస్త్రజ్ఞులు, సాంకేతిక నిపుణులు పనిచేసిన ఆ ప్రాంగణం ఉన్న టస్కీగీలోనే, అదే కాలంలో నల్లజాతి పురుషుల సిఫిలిస్ వ్యాధికి చికిత్స అందించకుండా దాని గమనాన్ని గమనించే అధ్యయనం కూడా సాగుతోంది. ఈ రెండింటినీ ఒకచోట చేర్చి చూపిన భాగం రచనలో బలమైన వాటిలో ఒకటి. ఇక్కడ రచయిత్రి తీర్పు చెప్పదు. రెండు వాస్తవాలను పక్కపక్కన నిలుపుతుంది. పాఠకుడే తీర్పుకు వస్తాడు.

3. కథననిర్మాణం:

రచనలో మూడు కథనాలు ఉన్నాయి. హెన్రియెట్టా జీవితమరణాలు ఒకటి. కణాల చరిత్ర రెండవది. ఆమె కుమార్తె డెబోరాతో కలిసి రచయిత్రి సాగించిన అన్వేషణ మూడవది. అధ్యాయాలు కాలక్రమాన్ని పాటించకుండా 1920ల నుంచి 2000ల వరకు ముందుకూ వెనక్కూ కదులుతాయి. ఈ పద్ధతికి ఒక ప్రయోజనం ఉంది. తల్లి మరణించిన గదికి, ఆ తల్లి కణాలు పెరిగే గదికి మధ్య ఉన్న దూరం పాఠకుడికి అనుభవంలోకి వస్తుంది. కుటుంబానికి దశాబ్దాలుగా తెలియని విషయం పాఠకుడికి మొదటి పుటల నుంచే తెలుసు. ఆ తెలివిడి వల్ల కలిగే అసౌకర్యమే కథనానికి ఉత్కంఠను సమకూర్చింది.

అయితే మూడవ కథనం క్రమంగా మిగిలిన రెండింటినీ తనలోకి లాక్కుంటుంది. డెబోరా, ఆమె సోదరుడు 2001లో జాన్స్ హాప్కిన్స్ ప్రయోగశాలలో సూక్ష్మదర్శిని ద్వారా తల్లి కణాలను చూసే సన్నివేశం రచనకు భావోద్వేగ శిఖరం. క్రిస్టొఫ్ లెంగౌయర్ అనే శాస్త్రవేత్త వారికి ఓపికగా వివరిస్తాడు. బిడ్డ ఆ కణాలను చూస్తుంది, వేదన కొంత ఉపశమిస్తుంది. సాహిత్యపరంగా ఈ సన్నివేశం సఫలమైంది. వాదపరంగా మాత్రం ఒక సందేహానికి తావిస్తుంది. వివరణ దొరికితే గాయం మానుతుందన్న సూచన ఇందులో అంతర్లీనంగా ఉంది. కుటుంబం ఎదుర్కొన్నది సమాచారలోపం మాత్రమేనా? నిర్ణయాధికారం లేకపోవడం కూడా కాదా? కణజాలంపై హక్కు ఎవరిదన్న చర్చ ప్రధానంగా ఒక అధ్యాయంలోను, గ్రంథం చివర అనుబంధంగా చేర్చిన వ్యాసంలోను నిలిచిపోయింది. డెబోరా కథ ముగిసిన చోట ప్రధాన కథనం ముగుస్తుంది, హక్కు ప్రశ్న దానికి వెలుపల మిగిలిపోతుంది.

4. భాష – అపార్థం:

రచనలో అత్యంత సూక్ష్మమైన పరిశీలన భాషకు సంబంధించినది. 1970లలో హీలా కణాలు ఇతర కణశ్రేణులలో కలిసిపోయి పరిశోధనలను కలుషితం చేస్తున్నాయని తెలిశాక, వాటిని వేరుచేసి గుర్తించడానికి కుటుంబసభ్యుల రక్తం అవసరమైంది. జాన్స్ హాప్కిన్స్ జన్యుశాస్త్ర విభాగం నుంచి ఫోను వచ్చింది. నాలుగేళ్లు మాత్రమే బడికి వెళ్లిన భర్త డేవిడ్ లాక్స్‌కు ‘సెల్’ అంటే తన కొడుకు ఉన్న జైలుగది తప్ప మరొకటి తెలియదు. తన పిల్లలకూ క్యాన్సర్ ఉందేమో పరీక్షిస్తారని అతడు అర్థం చేసుకున్నాడు. డెబోరా ఎన్నటికీ రాని ఫలితం కోసం భయంతో ఎదురుచూసింది.

ఈ ఘట్టం తెలుగు పాఠకుడికి మరింత దగ్గరగా ఉంటుంది. మన ఆసుపత్రులలో సమ్మతి పత్రం తెలుగులో ముద్రితమైనా, అందులోని ‘జీవనమూనా’, ‘కణజాలం’, ‘జన్యు విశ్లేషణ’ వంటి మాటలు రోగి మాట్లాడే తెలుగులో లేవు. ‘ముక్క పరీక్షకు పంపుతున్నాం’ అన్న మాట రోగికి అర్థమవుతుంది. పరీక్ష ముగిశాక ఆ ముక్క మైనపు దిమ్మెలోనో, సున్నాకు దిగువ 196 డిగ్రీల ద్రవ నత్రజనిలోనో ఏళ్ల తరబడి నిలవ ఉండవచ్చునన్నది ఆ మాటలో లేదు. చికిత్సకు తీసిన ముక్క పరిశోధన నమూనాగా మారే క్షణం భాషలో కనిపించదు. స్క్లూట్ చూపిన అపార్థం అమెరికా వర్ణవివక్ష నుంచి వచ్చినదే అయినా, దాని నిర్మాణం వర్గభేదం ఉన్న ప్రతి ఆసుపత్రిలోను పునరావృతమవుతుంది.

లాక్స్ కుటుంబం మాట్లాడిన మాండలికాన్ని సంస్కరించకుండా ఉంచడం కూడా ఇక్కడ గమనించదగినది. వారి మాటలను దిద్దడం నిజాయితీ కాదన్న కుటుంబసభ్యుల అభిప్రాయాన్ని రచయిత్రి గౌరవించింది. నోటిమాటను సేకరించి పుస్తకంలో భద్రపరచడం కూడా ఒక రకమైన నమూనా సేకరణే. ఆ విషయంలో సమ్మతి ఎలా అడగాలో ఈ రచన ఆచరించి చూపింది. డెబోరా దాదాపు ఏడాది పాటు దూరంగా ఉన్నా, రచయిత్రి ఎదురుచూసి ఆమె నమ్మకం పొందాకే ముందుకు సాగింది.

5. సమ్మతికి నాలుగు రూపాలు:

రచనలో విడివిడిగా ఉన్న నలుగురిని పక్కపక్కన పెట్టి చూస్తే, రచయిత్రి స్పష్టంగా చెప్పని వాదం ఒకటి బయటపడుతుంది. మొదటివారు హెన్రియెట్టా. ఆమె సంతకం చేసిన పత్రం శస్త్రచికిత్సకు, మత్తుమందుకు అనుమతి ఇచ్చింది. పరిశోధన మాట అందులో లేదు. రెండవవాడు జాన్ మూర్. ల్యూకేమియా చికిత్సలో 1976లో తొలగించిన అతని ప్లీహం నుంచి వైద్యుడు కణశ్రేణిని తయారుచేసి పేటెంటు పొందాడు. 1990లో కాలిఫోర్నియా సుప్రీంకోర్టు, తొలగించిన కణాలపై మూర్‌కు ఆస్తిహక్కు లేదని తీర్పు చెప్పింది. అయితే వైద్యుడు తన పరిశోధన, ఆర్థిక ప్రయోజనాలను రోగికి ముందే తెలియజేయవలసిందేనని కూడా స్పష్టం చేసింది. మూడవవాడు టెడ్ స్లావిన్. తన రక్తంలోని హెపటైటిస్ బి ప్రతిరక్షకాల విలువను వైద్యుడే చెప్పడం వల్ల అతడు దానిని స్వయంగా అమ్ముకోగలిగాడు, తాను ఎంచుకున్న పరిశోధనకు ఉచితంగానూ ఇచ్చాడు.

నాలుగవవాడు జార్జ్ గై. 1970లో తనకు క్లోమ క్యాన్సర్ సోకినప్పుడు, తన కణితి నుంచి నమూనా తీసి తన పేరుతోనే కణశ్రేణి పెంచమని ఆయన స్వయంగా ఆదేశించాడు. కణితి తొలగించే స్థితిలో లేదని శస్త్రవైద్యులు నమూనా తీయకపోతే ఆగ్రహించాడు. గై హీలా కణాలను అమ్ముకోలేదు, అడిగినవారికి ఉచితంగా పంపాడు. ఆయనను దుర్మార్గుడిగా చూపకపోవడం రచన ఘనత. కానీ ఈ రెండు సంఘటనల మధ్య తేడా తీవ్రమైనది. తన శరీరం విషయంలో గైకి తెలుసు, అడగగలిగాడు, పేరును కూడా ఎంచుకున్నాడు. హెన్రియెట్టాకు ఈ మూడింటిలో ఒక్కటీ లేదు. తెలియడం, అడగగలగడం, నిర్ణయించడం అనే మూడు మెట్లలో రచన మొదటి మెట్టుపై ఎక్కువగా నిలిచింది.

6. పేరు వెల్లడి తర్వాత:

పుస్తకం వెలువడిన తర్వాతి పరిణామాలు ఈ పరిమితిని స్పష్టం చేశాయి. 2013 మార్చిలో యూరప్ పరిశోధకులు హీలా కణాల జన్యుక్రమాన్ని కుటుంబాన్ని అడగకుండానే బహిరంగపరిచారు. హీలా ఎవరో లోకానికి తెలియని రోజులలో ఆ సమాచారం ఒక కణశ్రేణి వివరంగా ఉండేది. పేరు వెల్లడైన తర్వాత అది జీవించి ఉన్న బిడ్డల, మనవల వారసత్వ రహస్యమైంది. అంటే గౌరవాన్ని తిరిగి ఇచ్చిన పేరే ప్రమాదానికీ దారితీసింది. అదే ఏడాది ఆగస్టులో అమెరికా జాతీయ ఆరోగ్య సంస్థలు కుటుంబంతో ఒప్పందానికి వచ్చి, ఆ సమాచార వినియోగాన్ని పరిశీలించే సంఘంలో కుటుంబసభ్యులిద్దరికి చోటు కల్పించాయి. కుటుంబానికి నిర్ణయంలో భాగం దొరికిన మొదటి సందర్భమిది. 2021లో వారసులు థర్మో ఫిషర్ సంస్థపై దావా వేయగా, 2023లో అది రాజీతో ముగిసింది.

నమూనాల నుంచి పేరు తొలగిస్తే చాలునన్న భావన మాత్రం అమెరికా నిబంధనలలో కొనసాగుతోంది. గుర్తింపు తొలగించిన నమూనాలకు కూడా సమ్మతి తీసుకోవాలన్న ప్రతిపాదన 2015లో వచ్చినా, 2017లో ప్రకటించిన తుది నియమాలలో దానికి చోటు దక్కలేదు. హెన్రియెట్టా కథ అనామకతలో మొదలైంది. ఇప్పుడు ఆ అనామకతనే రోగికి రక్షణగా చూపుతున్నారు.

7. తెలుగు నేలతో సంబంధం:

1980ల మధ్యలో హరాల్డ్ జుర్ హౌసెన్ బృందం హీలా కణాలలో మానవ పాపిలోమా వైరస్ 18వ రకాన్ని కనుగొంది. గర్భాశయ ముఖద్వార క్యాన్సర్‌కు ఈ వైరస్‌తో ఉన్న సంబంధాన్ని నిరూపించినందుకు ఆయనకు 2008లో నోబెల్ బహుమతి లభించింది. ఆ పరిశోధనల ఫలితమైన టీకానే 2009లో అప్పటి ఆంధ్రప్రదేశ్‌లోని ఖమ్మం జిల్లాలో పది నుంచి పద్నాలుగేళ్ల బాలికలకు ఒక ప్రదర్శన పథకం కింద వేశారు. వారిలో గిరిజన బాలికలు, వసతిగృహాలలో ఉండి చదువుకునేవారు చాలామంది. 2010 ఏప్రిల్‌లో పథకం నిలిచిపోయింది. కొందరు బాలికల మరణాలకు టీకాతో సంబంధం లేదని విచారణ సంఘం భావించింది. కానీ రెండువేలకు పైగా సమ్మతి పత్రాలపై తల్లిదండ్రులకు బదులు వార్డెన్లు, ప్రధానోపాధ్యాయులు సంతకాలు చేసినట్లు తేలింది. 2013లో పార్లమెంటు స్థాయీసంఘం ఈ తీరును తీవ్రంగా విమర్శించింది.

ఖమ్మంలో జరిగింది కణజాల సేకరణ కాదు, టీకా కార్యక్రమం. టీకా మేలుచేసేది కాదని కూడా దీని అర్థం కాదు. కానీ ఒక పేదరాలి నుంచి అడగకుండా తీసుకున్న కణాల ద్వారా లభించిన జ్ఞానం, మరొక చోట పేద పిల్లల వద్దకు అడగకుండానే చేరింది. బాల్టిమోర్‌లో పత్రం మీద రోగి సంతకం ఉంది, విషయం లేదు. ఖమ్మంలో విషయం ఉంది, సంబంధిత కుటుంబం సంతకం లేదు.

8. ముగింపు:

భారత వైద్య పరిశోధన మండలి 2017లో వెలువరించిన నైతిక మార్గదర్శకాలు జీవనమూనాల నిల్వకు ప్రత్యేక అధ్యాయం కేటాయించి, పరిమిత, విస్తృత, అంచెల సమ్మతులను వేరుచేశాయి. ఏ పరిశోధనకు ఒప్పుకుంటున్నారో, దేనికి ఒప్పుకోవడం లేదో చెప్పే అవకాశం రోగికి ఇవ్వడమే అంచెల సమ్మతి ఉద్దేశం. ఈ భావనలు రోగి మాట్లాడే తెలుగులోకి రానంతవరకు అవి కాగితం దాటవు. ఆ పని వైద్యులది మాత్రమే కాదు. భాషా, సాహిత్య పరిశోధకులు కూడా పంచుకోవలసినది.

స్క్లూట్ రచన ఒక నమూనాకు మనిషిని తిరిగి ఇచ్చింది. జీవితచరిత్ర సాధించగల న్యాయాలలో ఇది గొప్పది. అయితే హెన్రియెట్టాకు జరిగిన అన్యాయం పేరు పోవడంతో మొదలు కాలేదు, అడగకపోవడంతో మొదలైంది. పేరు దొరికిన తర్వాత కూడా ఆమె మనవలు మళ్లీ అడిగించుకోవడానికే పోరాడవలసి వచ్చింది. ఈ రచనను తరగతి గదులలో బోధించేటప్పుడు డెబోరా సూక్ష్మదర్శిని ముందు నిలిచిన సన్నివేశంతో పాఠం ముగించడం సులభం. దాని పక్కనే జార్జ్ గై తన కణితి గురించి ఇచ్చిన ఆదేశాన్ని కూడా ఉంచి చదివినప్పుడే, ఈ గ్రంథం లేవనెత్తిన ప్రశ్న పూర్తిగా వినబడుతుంది.