చిన్న గొంతులు, ‘ఎంపిక’ అనే మాట

కమనాకా హితోమి తీసిన డాక్యుమెంటరీ చిత్రం 2015లో జపానులో విడుదలైనది. ఇంగ్లీషులో దానిని ‘లిటిల్ వాయిసెస్ ఫ్రమ్ ఫుకుషిమా’ అంటున్నారు. మూలంలోని పేరులో ఫుకుషిమా లేదు. ‘చిన్న గొంతుల కానన్’ అని శీర్షిక, ‘ఎంచుకొనే మనుషులు’ అని ఉపశీర్షిక. ఒక గొంతు ఎత్తుకొన్న వరుసనే మరొక గొంతు కొంత వెనుకగా అందుకొనే పాశ్చాత్య గానరీతి కానన్. 1986లో చెర్నోబిల్ ధూళి మీదపడిన బెలారుస్ తల్లులది మొదటి గొంతు. 2011 మార్చి తర్వాత ఫుకుషిమా తల్లులది రెండవది.

నిహొన్‌మత్సు పట్టణం ప్రభుత్వం ఖాళీ చేయించిన హద్దుకు వెలుపలిది. అక్కడ ఒక బౌద్ధాలయపు శిశువిహారం చుట్టూ తల్లులు కూడినారు. దూరప్రాంతాలనుండి వచ్చిన కూరగాయలు పంచుకొంటారు. పిల్లలు బడికి నడిచే దారిని తామే శుభ్రం చేస్తారు. ఉపన్యాసాలు లేని ఈ దృశ్యాలే చిత్రానికి ప్రాణమని మేము భావిస్తున్నాము. బెలారుస్ ఘట్టం అంత నిండుగా లేదు. పిల్లలను కొన్ని వారాలు శుభ్రమైన చోట ఉంచే ఆరోగ్యకేంద్రాలు మంచివే. కాని రేడియోధార్మికత ప్రభావాలను పరిశోధించిన వైద్యుడు బందజెవ్‌స్కీకి 2001లో జైలుశిక్ష వేసినది ఆ దేశమే అని తెలిసినవారికి అక్కడి ఆదర్శచిత్రణ కొంత గుచ్చుకొంటుంది.

మాకు అసలు పేచీ ఉపశీర్షికతో. హద్దుకు వెలుపలినుండి పిల్లలతో తరలిపోయినవారికి జపానులో వాడుకైన పేరు ‘జిషు హినాన్‌షా’, అనగా తమంతట తాముగా వెళ్లినవారు. వారికి ఉచిత నివాస సహాయం 2017 మార్చితో ఆగినది. మీరే ఎంచుకొన్నారు గనుక మీరే భరించండి అన్నట్లున్నది ఆ మాట. దర్శకురాలి ‘ఎంపిక’కు గౌరవం ఉన్నది, నిజమే, అయినా రెండు మాటలూ పక్కపక్కనే నిలిచి తికమక పెడతాయి. 2011 ఏప్రిల్‌లో విద్యాశాఖ బడి ఆవరణలకు ఏటా 20 మిల్లీసీవర్టుల ప్రమాణం ప్రకటించినది. మే 23న ఫుకుషిమా తల్లిదండ్రులు టోక్యోలో ఆ శాఖ ముంగిట నిలిచినారు. నాలుగు రోజులలో 1 మిల్లీసీవర్టు లక్ష్యమనే మాట వచ్చినది. ఇది ఎంచుకోవడం కాదు, ఒప్పుకోకపోవడం.

ఇవాకి పట్టణంలో తల్లులు ముందుండి 2011 నవంబరులో ఆహారంలోని రేడియోధార్మికతను కొలిచే ప్రయోగశాల తెరచినారు. దానిపేరు ‘తరాచినె’. ప్రాచీన జపాను కవిత్వంలో తల్లి అనే మాటకు ముందు వచ్చే సంప్రదాయ విశేషణమది. (కావ్యపరిభాష కొలత యంత్రాల మీదికెక్కడం మాకు ముచ్చట గొలిపినది.) తల్లి అనే బిరుదు స్త్రీలను ఇంటికే కట్టిపడేస్తుందని ఆక్షేపించబోయి, వారే దానిని ఏరుకొన్నారని చూచి కొంత వెనుకాడినాము.

తెలుగు చేయవలసి వస్తే ఉపశీర్షికను ‘ఎంచుకోవలసి వచ్చినవారు’ అంటాము. దర్శకురాలు ఒప్పుకొంటారో లేదో.