'ఒప్పుకొను' అనే మాట - 'విసారణై' చిత్రం

వెట్రిమారన్ 'విసారణై' (2015) తమిళ చిత్రమే అయినా, పూర్వార్ధం నడిచేది గుంటూరులో. ప్రశ్నించే పోలీసుల భాష తెలుగు. దెబ్బలు తినేది బతుకుతెరువుకు వచ్చిన తమిళ కూలీలు. దీనికి మూలం ఎం. చంద్రకుమార్ నవల 'లాకప్'. కోయంబత్తూరులో ఆటో నడిపిన ఆ రచయిత, 1983లో గుంటూరులో తాను అనుభవించిన నిర్బంధాన్నే అందులో చెప్పారు.

భాష తెలియక జరిగిన అన్యాయంగా దీన్ని చూసేవారున్నారు. ఆ అభిప్రాయం నిలవదు. ఈ కూలీలు దొంగలు కారని పోలీసులకు తెలుసు. దొంగతనం కేసు మూసివేయడానికి ఎవరో ఒకరు తలవంచాలి, అంతే.

తెలుగు 'ఒప్పుకొను', తమిళ 'ఒప్పుక్కొళ్' సోదర పదాలని మన విద్యార్థులకు వేరే చెప్పనక్కరలేదు. రెండు భాషల్లోనూ ఆ పదానికి రెండర్థాలు. చేసిన తప్పును బయటపెట్టడం ఒకటి. ఎదుటివారు చెప్పినదానికి సరేననడం రెండోది. మొదటిదానిలో కథ నిందితునిది, రెండోదానిలో అడిగేవాడిది. రెండో అర్థంలో రాబట్టిన మాటను మొదటి అర్థంలో కాగితానికెక్కించడమే లాఠీ చేసే పని. పాండి అనవలసింది ఒక్క 'ఊఁ'. తక్కిన నేరకథనమంతా స్టేషనులో తయారైనదే.

పోలీసుల ముందు చేసిన ఒప్పుకోలు నిందితునిపై సాక్ష్యంగా చెల్లదని 1872 నాటి సాక్ష్య చట్టం 25వ సెక్షన్ చెప్పింది. 2024 జూలై 1న అమల్లోకి వచ్చిన భారతీయ సాక్ష్య అధినియమం 23వ సెక్షన్‌లోనూ ఆ నియమమే ఉంది. (ఆ మాటవల్ల ఏదైనా వస్తువు దొరికితే ఆ మేరకు చెల్లుతుంది, ఈ సందు చిన్నదేమీ కాదు.) అందుకే ఆ 'ఊఁ' కోర్టులో అనిపించాలని చిత్రంలోని పోలీసుల పట్టుదల. అక్కడ పాండి అడ్డం తిరిగి తమిళంలో నిజం చెబుతాడు. వేరే పనిమీద వచ్చిన తమిళ పోలీసు అధికారి ముత్తువేల్ దాన్ని తెలుగు చేస్తాడు, కూలీలు విడుదలవుతారు. చిత్రానికంతటికీ ఆయువుపట్టు ఈ ఘట్టమే.

ఉత్తరార్ధం చెన్నైలో. కుట్ర వేగంలో మాట మీద పట్టు కొంత సడలిన మాట నిజం. అయినా అది అనవసరమనలేం. అక్కడ అందరిదీ తమిళమే, ఆడిటరు కె.కె. కస్టడీలోనే చనిపోతాడు, చూసిన కూలీలూ మిగలరు. వారిని అక్కడికి తీసుకువెళ్లింది కోర్టులో వారి మాటను తెలుగు చేసిన ముత్తువేలే. ఈ భాగం నవలలో లేదు. తమిళం చదవగల విద్యార్థులు 'లాకప్'ను పక్కన పెట్టుకొని, ఈ చేర్పు గుంటూరు భాగాన్ని ఎలా మార్చిందో పరిశీలించవచ్చు.