పాత రీళ్ల పరిరక్షకులు

చలనచిత్ర భాండాగారంలో పాత రీళ్లను పరీక్షించి, మరమ్మతు చేసి, డాక్యుమెంటరీ దర్శకులకు కావలసిన దృశ్యాన్ని వెదికి అందించే ఉద్యోగికి మన సినీ చరిత్రలో దక్కవలసినంత గౌరవం దక్కలేదు. పుణేలో 1964లో ఏర్పడిన జాతీయ చలనచిత్ర భాండాగారాన్ని తీర్చిదిద్ది, తొలితరం దర్శకుడు దాదాసాహెబ్ ఫాల్కే తీసిన ‘కాళీయ మర్దన్’ (1919) వంటి మూకీలను కాపాడిన పి.కె. నాయర్‌ను సినీ ప్రపంచం స్మరించుకుంటుంది. అయితే ఆ కాపాడటం నిత్యం జరిగేది రీలు చుట్టే బల్ల దగ్గరే.

అక్కడ తొడుగులు వేసుకున్న చేతులతో ఫిల్మును నెమ్మదిగా చుడుతూ, అంచును వేళ్ల మధ్య పోనిచ్చి, చిరుగులనూ, ప్రొజెక్టరు పళ్లచక్రం పట్టుకునే రంధ్రాలు తెగిన చోట్లనూ స్పర్శతోనే గుర్తించి అతుకు వేస్తారు. డబ్బా మూత తీయగానే పుల్లని వాసన వచ్చిందంటే, ఎసిటేట్ ఫిల్ము వేడికీ తేమకూ విచ్ఛిన్నమై, వెనిగర్‌లో ఉండే ఎసిటిక్ ఆమ్లాన్నే వదులుతున్నదని అర్థం. ఈ క్షయాన్ని చల్లదనంతో మందగింపజేయగలరే గాని పూర్తిగా ఆపలేరు, కనుక అటువంటి రీలును వేరుచేసి ముందుగా నకలు తీస్తారు.

దర్శకుడు అడిగేది అర నిమిషపు దృశ్యమే కావచ్చు. దానిని కనుగొనడానికి ఆధారం కేటలాగు, అనగా ఏ రీలులో ఏ దృశ్యం ఉందో నమోదుచేసిన సూచిక. అది శ్రద్ధగా రాసి ఉండకపోతే, భద్రపరచిన ఫిల్ము సైతం పోయినదానితో సమానమే. ఆ పైన, అంచున ముద్రించిన తయారీ సంకేతాలను బట్టి ముడి ఫిల్ము ఏ ఏటిదో తేల్చడం వలన, ఒక సంఘటన దృశ్యం మరొక సంఘటనదిగా చెలామణి కాకుండా ఉంటుంది.

తొలి తెలుగు టాకీ ‘భక్త ప్రహ్లాద’ (1932) ప్రింటు నేడు లభ్యం కావడం లేదు. మిగిలిన చిత్రాలకూ అదే గతి పట్టకుండా, ఇళ్లలో పాత ఫిల్ము డబ్బాలున్న తెలుగు నిర్మాతల కుటుంబాలు వాటిని ఇకనైనా ఆలస్యం చేయక భాండాగారానికి అప్పగించాలి.